పళ్ళెం పెట్టి వెనక్కి చూసిన పిల్ల

లేదు షమీమ్, ఒంటె ఎక్కలేదు. కారు అద్దంలోంచి చూశానంతే. రోడ్డు పక్క కంచె అవతల నిలబడి, పనేమీ లేని పెద్దమనుషుల్లా దవడలాడిస్తూ అవే మమ్మల్ని చూశాయి. ఒంటె మీద ఫొటో లేదని అలగొద్దని మీ తమ్ముడికి చెప్పు. ఆ ప్రయాణంలో చూసినవాటిలో మీకు చెప్పాలనుకున్నది ఒంటె సంగతి కాదు, ఒక సినిమా నటి సంగతి. అదీ జపాన్ నటి. సౌదీకి పోయి జపాన్ నటిని చూసి రావడమేమిటని మీ అమ్మ సూరత్ నుంచి ఫోనులో ఒకటే నవ్వు. నిజానికి నాకే ఇంకా సరిగా అర్థం కాలేదు. అర్థం కానిదాన్ని అర్థం కానట్టే చెబుతాను, వినండి.

జెడ్డా

మీ మామ ఖాజా రాబిగ్‌లో కంపెనీ కారు నడుపుతాడు కదా, అమ్మ వచ్చి చూడాలని విజిట్ వీసా తీసి నన్ను పిలిపించాడు. జెడ్డాలో విమానం దిగింది మొదలు నా బుర్ఖా చూసిన ప్రతివాళ్ళూ ఉర్దూలో మొదలుపెట్టారు. మనం దూదేకులోళ్ళం, మనింట్లో మాట తెలుగేనని వాళ్ళకెట్లా తెలుస్తుంది? నేను తల ఊపుతూ పోయాను. ఊపకూడని చోట కూడా ఊపానేమో, ఒకాయన నా సంచి తీసుకుని ఎటో నడిచాడు. ఖాజా పరుగెత్తి వెనక్కి తెచ్చాడు.

దారిలో రొట్టెల అంగడి దగ్గర ఆగాం. తమీస్ అంటారు దాన్ని. గోడలాంటి పొయ్యిలోంచి కొక్కెంతో లాగి ఇస్తారు, పిల్లవాడి దిండంత ఉంటుంది. రెండు రియాళ్ళు, అంటే మన యాభై రూపాయల దాకా. ఒక్క రొట్టె ఇద్దరం తినలేకపోయాం. అంగడాయన పాకిస్తానీ. నేను నోరు విప్పకపోయేసరికి, ముసల్మానునై ఉండి ఉర్దూ రాదా అని ఆశ్చర్యపోయాడు.

"అమ్మాజీ, ముసల్మాన్ హోకర్ ఉర్దూ నహీ ఆతీ?"

"హమారే ఘర్ మే తెలుగు చల్తీ భాయ్," అన్నాడు ఖాజా.

 ఆయన ఏమనుకున్నాడో ఏమో, ఇంకో రొట్టె ఊరికే ఇచ్చాడు. అది జాలితో ఇచ్చాడో గౌరవంతో ఇచ్చాడో తెలియలేదు.

మక్కాలో ఉమ్రా చేసిన సంగతి మీకు ఫోనులో చెప్పాను. చెప్పేటప్పుడే ఏడుపొచ్చింది. రాస్తే మళ్ళీ వస్తుంది, అందుకని దాన్ని ఇక్కడ కదపను.

రాబిగ్

రాబిగ్‌కు ఒకపక్క సముద్రం, ఇంకోపక్క ఫ్యాక్టరీ. చీకటి పడితే ఆ ఫ్యాక్టరీ దీపాలు ఉరుసు నాటి దర్గాలా వెలుగుతాయి. పగలు మాత్రం వీధిలో పిల్లి కూడా కనపడదు. మధ్యాహ్నం మూసిన అంగళ్ళు సాయంత్రం అసర్ నమాజు తర్వాతే తెరుస్తారు. మన నంద్యాలలో అందరూ పడుకునే వేళకు ఇక్కడ పిల్లల్ని ఉయ్యాలలూపడానికి తీసుకుపోతారు. నాకు ఏది పొద్దో ఏది మాపో తెలిసేది కాదు. నిద్ర లేవగానే అలవాటుగా కిటికీ తెరిస్తే వేడి దుమ్మంతా లోపలికొచ్చింది. "మా, అది నంద్యాల కిటికీ కాదు మా!" అని ఖాజా అరిచాడు.

కింది వాటాలో నిజామాబాదు వైపు పిల్లలుండేవాళ్ళు, ఫ్యాక్టరీలో మరమ్మతు పనికి పోతారు. మెట్ల మీద ఎదురైతే "అవ్వా, మంచిగున్నవా?" అనేవాళ్ళు. ఆ ఊళ్ళో బయటివాళ్ళు నాతో అన్నవాటిలో నాకు నేరుగా అర్థమైన మాట అదొక్కటే.

ఒకరోజు ఖాజా అన్నం తింటూ అన్నాడు.

"మా, మా జపాన్ సారోళ్ళమ్మ వచ్చిండాది. నీ ఈడే. కోడలు తప్పితే మాట్లాడేదానికి ఎవరూ లేరు. సాయంత్రం సముద్రం కాడికి పిలుచుకోనిపోతాండ. సారు నిన్ను గూడా తోడు తీసకరమ్మన్నాడు."

"ఆయమ్మతో ఏం మాట్లాడేది రా నేను?"

"నాతో జెడ్డా నుంచి రాబిగ్ దాకా గమ్మునే కూసోని వస్తివి గదా. అట్లనే కూసో."

ఆమె పేరు హిసాకో. నేను హిసాకవ్వ అనేదాన్ని. ఆ పిలుపు ఆమెకు నచ్చినట్టే ఉంది, కనీసం వద్దనలేదు.

సముద్రపు ఒడ్డున

సన్నటి మనిషి. నడుం కట్టెలా నిటారుగా ఉంటుంది, తలపైన గుడ్డ టోపీ. ఎవరితో మాట్లాడినా మొహం పక్కకు తిప్పి, కంటి కొసతో చూసేది. మొదట నాకు కోపమొచ్చింది, నన్ను చూడ్డం ఇష్టం లేదేమోనని. తర్వాత తెలిసింది, ఆమెకు కళ్ళు పాడయ్యాయి. నేరుగా చూస్తే చూపు నడుమంతా మసకే. అంచులు మాత్రమే కనపడతాయి.

మా మాటలు ఎట్లా నడిచేవంటే, హిసాకవ్వ జపాన్ మాటలో కోడలు మికాకు చెప్పేది. మికా ఇంగ్లీషులో ఖాజాకు చెప్పేది. ఖాజా నాకు తెలుగులో చెప్పేవాడు. నా జవాబు అదే దారిలో తిరిగి పోయేది. ఆమె పొయ్యిమీద అన్నం ఉడికేంతసేపు మాట్లాడితే నాకు చేరేది గుప్పెడు.

"అంత చెప్తే ఇంతే చెప్తావేంది రా?"

"నాకొచ్చే ఇంగ్లీసు అంతే మా. మిగిలింది గాల్లో పోతాంది."

ఒకసారి మికా ఫోనులో ఏదో నొక్కి, అదే తెలుగులో చెబుతుందని నా చెవి దగ్గర పెట్టింది. "పళ్ళెము యొక్క కోడలు వెచ్చగా ఉన్నది" అంది ఫోను. ఆ తర్వాత ఎవరమూ దాని జోలికి పోలేదు.

ఒక సాయంత్రం మేం కూర్చున్న పక్కనే ఒక అరబ్బు కుటుంబం తివాచీ పరుచుకుంది. మమ్మల్ని చూసి వాళ్ళ పెద్దామె "తఫద్దలీ, తఫద్దలీ" అని, రమ్మన్నట్టు చెయ్యి పట్టుకుని లాగింది. పోయి కూర్చున్నాం. ఖాజా మగవాళ్ళ వైపు కూర్చున్నాడు. ఖర్జూరాలు పెట్టారు, చిన్న పింగాణీ గిన్నెల్లో ఖహ్వా, అంటే వాళ్ళ కాఫీ, పోశారు. పచ్చగా, యాలకుల వాసనతో ఉంటుంది, పాలు లేవు, చక్కెర లేదు. మర్యాదకు గటుక్కున తాగాను. మళ్ళీ పోసింది. తాగాను. మళ్ళీ పోసింది. మనింట్లో చుట్టాలు విస్తరి మీద చెయ్యి అడ్డం పెట్టినట్టు గిన్నె మీద చెయ్యి పెట్టబోతే, అది పోయించుకోవడానికి చాపానేమోనని ఇంకొంచెం పోసింది. నా గుండె దడదడలాడుతోంది. చివరికి ఆ పెద్దామే నవ్వి, తన గిన్నెను రెండు వేళ్ళతో అటూ ఇటూ ఆడించి చూపింది. చాలు అనడానికి అక్కడ అదీ పద్ధతి. ఊపితే చాలన్నట్టు, ఊపకపోతే పొయ్యమన్నట్టు.

ఆ నవ్వుల మధ్యనే హిసాకవ్వ చెయ్యి గమనించాను. మీ తాతతో కలిసి పరుపులు కుట్టినదాన్ని కదా, మనుషుల మొహాలకంటే చేతులే ముందు చూస్తాను. దూది నొక్కే చెయ్యిని బట్టి బేరం కుదురుతుందో లేదో తెలిసేది. ఆమె గిన్నెను పళ్ళెంలో పెడుతుంటే శబ్దమే రాలేదు. ముందు చిటికెన వేలు పళ్ళేన్ని తాకుతుంది, దాని మీదుగా గిన్నె జారి కూర్చుంటుంది. నేనూ అట్లా పెట్టబోయాను. టక్కుమంది. ఆమె నా చెయ్యి పట్టుకుని, నా చిటికెన వేలు వంచి, మళ్ళీ పెట్టించింది. ఈసారి శబ్దం రాలేదు.

"యాడ నేర్చుకున్నావంట అడగరా."

అడిగాడు. మాట పోయింది, వచ్చింది. ఖాజా మొహం వింతగా పెట్టాడు.

"సినిమాల్లో నేర్పించినారంట మా. ఆయమ్మ సినిమాల్లో చేసిందంట."

"హీరోయినా?"

"ఏమో మా. కాఫీ ఇచ్చే ఆమె అంటాంది."

పెద్ద గది

ఆ తర్వాత ప్రతి సాయంత్రం కొంచెం కొంచెంగా విన్నాను. ఏది ముందు, ఏది వెనక అని అడగొద్దు, నాకు చేరిన వరసలోనే చెబుతాను.

తెలుపు నలుపు సినిమాల కాలంలో, పద్దెనిమిదేళ్ళు నిండీ నిండక ముందే ఆమె స్టూడియోలో చేరిందట. మొహం గుర్తుపెట్టుకోనక్కర్లేని నటులందరికీ కలిపి అక్కడ ఒకటే పెద్ద గది. పొద్దున్నే పోయి కూర్చుంటే ఒకాయన వచ్చి నువ్వు, నువ్వు, నువ్వు అని వేలు చూపించేవాడు. ఆ పూటకు పనిమనిషి, మర్నాటికి బజారులో నడిచే మనిషి, ఒకసారి శవం. శవంగా చేసినప్పుడు ముక్కు మీద ఈగ వాలిందట. అది చెబుతూ ఇప్పటికీ ముక్కు రుద్దుకుంది.

మన జూనియర్ ఆర్టిస్టులు అన్నమాట, అన్నాను ఖాజాతో. కానీ వాళ్ళ పద్ధతి వేరు. ఎట్లా నడవాలి, తలుపు మోకాళ్ళ మీద కూర్చుని ఎట్లా జరపాలి, గిన్నె శబ్దం లేకుండా ఎట్లా పెట్టాలి, అన్నీ నేర్పేవాళ్ళట. నేర్చుకున్నది ఎందుకంటే, చూసేవాళ్ళ కన్ను తన మీద పడకుండా ఉండటానికి. కన్ను పడిందంటే పని చెడినట్టే. చలికాలంలో వేసవి ఘట్టం తీస్తే, నోట్లోంచి పొగ రాకుండా ఐసు ముక్కలు చప్పరించమనేవాళ్ళు. సన్నటి చీరలాంటి బట్టలో పళ్ళు కొట్టుకుంటుంటే విసనకర్ర ఊపుతూ నిలబడాలి. రాబిగ్ ఉడుకులో కూర్చుని ఇది చెబుతుంటే ఆమె భుజాలు వణికాయి.

ఎన్ని సినిమాలని అడిగితే చేతులు విప్పేసింది. మాట ఉన్న వేషం ఒక్కటేనట. ఆ మాట కూడా "అలాగేనండి".

"అంత కష్టపడి ఎవరి కంటా పడకపోవడమేంది రా? నాకు అర్థం కాలే."

"నాకు గూడా కాలే మా. మికా మేడంకు గూడా కాలేదంట."

అయితే ఒక్కసారి, ఒకే ఒక్కసారి, ఆమె ఆ పద్ధతి తప్పింది. ఒక పెద్దింట్లో అన్నదమ్ములు భోంచేస్తూ గొడవపడే ఘట్టం. ఆమె పళ్ళెం తెచ్చి పెట్టి, తలుపు దాకా పోయి, ఎవరూ చెప్పకుండానే ఆగి వెనక్కి తిరిగి చూసింది. దర్శకుడు మండిపడ్డాడు. ఆ ముక్క మళ్ళీ తీశారు, ఈసారి తిరగకుండా. రెంటిలో ఏది సినిమాలో ఉంచారో ఆమెకు తెలియదు. సినిమా విడుదలయ్యేటప్పటికి పెళ్ళయి, బట్టలుతికే అంగడి ఉన్న ఇంటికి కోడలిగా పోయింది. అత్తకు సినిమా మాటే గిట్టదు. ఆ తర్వాత ఆ సినిమా ఎక్కడా దొరకలేదు. ఇప్పుడు ఎవరో దాన్ని వెతికి బాగుచేశారని మికాకు తెలిసి, డిస్కు తెప్పించింది. తెప్పించేసరికి చూడ్డానికి ఈమెకు కళ్ళు లేవు.

వచ్చే వారం ఆమె జపాన్ పోతుందట. పోయేలోపు తెలుసుకోవాలట, ఆ చూపు మిగిలిందా లేదా అని.

"మా, శుక్రవారం నిన్ను గూడా రమ్మంటాంది," అన్నాడు ఖాజా. "కొడుకూ కోడలూ మొహాలు చూస్తారంట. నువ్వు చేతులు చూస్తావంట."

కాంపౌండ్ లోపల

శుక్రవారం జుమ్మా నమాజు అయ్యాక పోయాం. విదేశీయులుండే వాళ్ళ కాంపౌండ్ గేటు దాటితే వేరే దేశంలా ఉంది, ఆడవాళ్ళు సైకిళ్ళు తొక్కుతున్నారు. నేను బొరుగులతో ఉగ్గాని చేసి, మిరపకాయ బజ్జీలు పట్టుకుపోయాను. హిసాకవ్వ బజ్జీ కొరికి కళ్ళనీళ్ళు పెట్టుకుంది కానీ వదిలిపెట్టలేదు. మికా అన్నం ముద్దల్ని నల్లటి ఆకులో చుట్టి పెట్టింది. సముద్రపు ఆకట అది. లోపల పుల్లటి పండు ఊరగాయ. కారం మరిచిపోయిన ఉసిరికాయ పచ్చడిలా ఉంది.

సినిమా పెట్టారు. భాష రాకపోయినా అన్నదమ్ముల గొడవ మాత్రం మొదట్నుంచీ అర్థమైంది, అది మనదే. హిసాకవ్వ టీవీకి పక్కవాటుగా కూర్చుని, కంటి కొసతో వెలుగుల్ని చూస్తోంది. భోజనాల ఘట్టం వచ్చింది. ఆమె నా ముంజేతిని పట్టుకుంది.

తలుపు జరిగింది. ఒక పనిపిల్ల వచ్చింది, పళ్ళెం పెట్టింది, పోయింది. తిరగలేదు.  అంతలో ఇంకో పిల్ల వచ్చింది. అదే జుట్టు, అదే బట్ట, అదే తెల్లటి మెడ. పళ్ళెం పెట్టింది. తలుపు దగ్గరికి పోయి ఆగింది. వెనక్కి తిరిగి చూసింది. మొహం సగం నీడలో ఉంది.

"తిరిగింది!" అని అరిచాను తెలుగులో. అది ఎవరూ తర్జుమా చెయ్యనక్కర్లేకపోయింది.

మికా బొమ్మను ఆపింది. హిసాకవ్వ ఏదో అడిగింది.

"ఎంతమంది వచ్చినారు అంటాంది," అన్నాడు ఖాజా.

"ఇద్దరని చెప్పు."

ఆమె చెయ్యి సడలింది. తానొక్కతే వచ్చిందని ఆమె జ్ఞాపకం. ఇద్దరు ఎట్లా ఉంటారు? తర్వాత ఆమే చెప్పింది. తన పక్కన చియో అని ఒక పిల్ల ఉండేదట, ఒకే ఎత్తు, ఒకే ఒడ్డు. ఒకరికి జ్వరమొస్తే ఇంకొకరిని నిలబెట్టేవాళ్ళు. తనను తిట్టాక, దర్శకుడికి ఆ చూపు నచ్చి, చియోతో మళ్ళీ తీయించాడేమో. లేకపోతే తీసిన రెండు ముక్కలూ అతికిస్తే తనే రెండోసారి వచ్చిందేమో.

"తిట్టిన మనిషి మళ్ళా అదే ఎందుకు తీయించాల?" అన్నాను.

"దర్శకులట్లే ఉంటారంట మా."

మళ్ళీ వేశారు. మళ్ళీ చూశాం. నేను చేతుల్నే చూశాను.

"రెండో పిల్ల చిటికెన వేలు ముందు ఆనించింది. నువ్వే!"

మాట పోయి వచ్చింది. "మొదటి పిల్ల?"

మళ్ళీ చూశాను. మొదటి పిల్లా ఆనించింది.

"రెండో పిల్ల లేచేటప్పుడు ఎడమ కాలు ముందు పెట్టింది."

"అందరికీ అట్లనే నేర్పించినారంట."

"మెడ కొంచెం కుడికి వంచింది."

"అదీ నేర్పించిందేనంట మా."

మికా బొమ్మను దగ్గరికి లాగి పెద్దది చేసింది. పెద్దది చేసేకొద్దీ మొహం చుక్కలుగా విడిపోయింది. ఖాజా ముక్కు ఆమెదేనన్నాడు, మికా కాదంది. తలుపు తోసుకుని ఆమె కొడుకొచ్చి కాసేపు చూసి, తనకు ఇద్దరూ అమ్మలాగే ఉన్నారని చెప్పి, తల గోక్కుని పోయాడు. హిసాకవ్వ చేత్తో నోరు కప్పుకుని నవ్వింది. నవ్విందా మరి? ఆ చెయ్యి అంతసేపు ఎందుకుందో.

తర్వాత ఆమె నెమ్మదిగా ఒక మాట అడిగింది. ఈసారి ఖాజా వరకు అన్ని మాటలూ చేరినట్టున్నాయి.

"మా, ఆయమ్మ ఏమంటాందంటే, అన్నీ నేర్పినారు గానీ ఆ చూపు మాత్రం ఎవురూ నేర్పలేదంట. ఆ పిల్ల ఎట్ల చూసిందో నిన్ను చెప్పమంటాంది. భయంగానా, నవ్వుతానా?"

 ఇంకోసారి వేయించుకుని చూశాను. భయం కాదు, నవ్వు కాదు. ఊరికి పోతూ వీధి చివరిదాకా వచ్చిన మనిషి, తలుపు గడియ పెట్టానా లేదా అని ఆగి చూస్తుందే, అట్లా. అదే చెప్పాను. ఖాజా దాన్ని ఎట్లా చెప్పాడో, మికా ఎట్లా చెప్పిందో, ఆమె దాకా చేరేటప్పటికి నా మాటలో ఎంత మిగిలిందో తెలియదు.  ఆమె తల పైకీ కిందికీ ఆడించి, నా చెయ్యి నొక్కింది.

అది నేనే అని నొక్కిందా? చియో అని తెలిసి నొక్కిందా? ఇంటికొచ్చిన మనిషి కష్టపడి చెప్పిందని మర్యాదకు నొక్కిందా? ఖాజాను అడిగాను. "నొక్కిందానికి ఇంగ్లీసు లేదు మా," అన్నాడు.

పోయే పొద్దు

ఆమె పోయే రోజు పొద్దున్నే నేనూ కారులో పోయాను, జెడ్డా దాకా సాగనంపుదామని. ఖాజా పెట్టెలు సర్దుతున్నాడు, మికా లోపల ఏదో వెతుకుతోంది. మేమిద్దరం గేటు లోపల బల్ల మీద కూర్చున్నాం. మాట అందించడానికి ఎవరూ లేరు.

నాకప్పుడు తోచింది, మేమంతా ఆ పిల్ల ఎవరని తన్నుకున్నాం కానీ, అసలు ఎందుకు తిరిగావని ఆమెను ఒక్కరమూ అడగలేదు. లేచాను. రెండు చేతుల్లో పళ్ళెం ఉన్నట్టు పట్టుకుని నడిచాను, వంగి పెట్టాను, చిటికెన వేలు ముందు ఆనించాను. నా మోకాళ్ళ సంగతి మీకు తెలుసు కదా. లేచి నాలుగడుగులు పోయి, ఆగి, వెనక్కి తిరిగి ఆమెను చూశాను. చేతులు చాపి "ఎందుకమ్మా?" అన్నాను.

ఆమె కంటి కొసతో అంతా చూసింది. చప్పట్లు కొట్టింది. తర్వాత చెప్పడం మొదలుపెట్టింది. ఎప్పుడూ అంతసేపు మాట్లాడలేదు. ఆపి ఆపి, గొంతు తగ్గించి, నాకొక్కదానికే. ఒకసారి పైకి చూపించింది, దీపాలేమో. ఒకసారి పక్కకు, ఎవరో నిలబడి ఉన్నట్టు. ఒకసారి తన గుండె మీద చెయ్యి పెట్టుకుంది. ఒకసారి కళ్ళు తుడుచుకుంది, అది ఎండకో మరి. చియో అన్న పేరు రెండు మూడుసార్లు వినపడింది. లేచిపోయి ఖాజాను పిలుద్దామా అనుకున్నాను. పిలిస్తే ఆపేస్తుందని భయమేసింది. ఆమె చెబుతూనే ఉంది, నేను తల ఊపుతూనే ఉన్నాను.

ఆమె ముగించే సమయానికి ఖాజా వచ్చాడు.

"ఏమంటాంది మా?"

"ఏం లేదులే. పోదాం పా."

ఏమనాలి? మళ్ళీ చెప్పమని కొడుకు ముందూ కోడలి ముందూ ఎట్లా అడగాలి? జెడ్డా ఎయిర్‌పోర్టులో లోపలికి పోయే ముందు కాగితం గ్లాసుల్లో చాయ్ తాగాం. ఆమె గ్లాసు బల్ల మీద పెట్టింది, శబ్దం లేకుండా. నేనూ పెట్టాను. తర్వాత అద్దాల తలుపు దాకా నడిచిపోయింది. తలుపు తెరుచుకుంది. ఆమె తిరుగుతుందని చూస్తూ నిలబడ్డాను. నేరుగా పోయింది.

సినిమా కథలన్నీ తెలిసినదానివి కదా షమీమ్, నువ్వైనా ఆలోచించి చెప్పు. ఆమె నాకు అంతా చెప్పింది, నేను అంతా విన్నాను. ఇంతకూ ఆ పిల్ల ఎందుకు వెనక్కి చూసింది?